భార్య దగ్గర టికెట్ తీసుకున్న మనిషి

డిపో గేటు ముందున్న చాయ్ బండి దగ్గరికి ఇప్పటికీ అప్పుడప్పుడు పోయి కూర్చుంట. రిటైరైనోనికి ఇంట్ల ఎంతసేపని ఉండబుద్ధయితది? కొత్తగ చేరిన డ్రైవర్లు, కండక్టర్లు నన్ను గుర్తుపట్టి కుర్చీ జరుపుతరు. కాసేపు కాంగనే అందరూ అడిగే మాట ఒక్కటే. "అన్నా, నీ సర్వీసుల పెద్ద యాక్సిడెంట్ ఏది?"

నా బండి కింద ఎవరూ పడలేదు. బ్రేకులు ఫెయిలైన రోజు కూడ లేదు. ఆ మాట చెప్తే పిల్లల మొఖాలు చిన్నబోతయి.

చెప్పుకోదగ్గది ఒకటి ఉన్నది. అది బండికి అయిన ప్రమాదం కాదు, బండిల అయిన ప్రమాదం. దాన్ని తలుచుకుంటే నాకు పానం అలిసిపోతది, అందుకే చాయ్ బండి దగ్గర ఎన్నడూ చెప్పలె. కాని మీరందరు జంట డ్యూటీలు చేసేటోళ్లు. ఒక ఆడమనిషి, ఒక మగమనిషి పొద్దంత ఒకే బండిల తిరుగుతరు. ఇండ్లల్ల మీ కోసం ఎదురుచూసేటోళ్లు ఉంటరు. అందుకని కూర్చొని రాస్తున్న. పేర్లు మాత్రం రాయను. అందరూ బతికున్నోళ్లు, ఇదే ఊర్ల తిరుగుతున్నోళ్లు.

నా బండి మీద కండక్టర్‌గ చేసిన ఒక అమ్మాయి ముచ్చట ఇది. ఆమె తండ్రి నా దోస్తు, మా డిపోలనే డ్రైవర్. కోస్తా నుంచి వచ్చి మౌలాలిల ఇల్లు కట్టుకున్న క్రైస్తవ కుటుంబం వాళ్లది. ఆదివారం డ్యూటీ పడితే చర్చికి పోవాలని నాతోని మార్చుకునేటోడు. మా పండుగలకు నా డ్యూటీ ఆయన చేసేటోడు. సర్వీసుల ఉండంగనే గుండెపోటొచ్చి పోయిండు. ఆ ఉద్యోగం బదులు బిడ్డకు కండక్టర్ ఉద్యోగం ఇచ్చిన్రు. అప్పటికే ఆమెకు పెండ్లయింది, బడికి పోయే పాప ఉన్నది. మొదటి దినం ఖాకీ కోటు తొడుక్కొని డిపోకొచ్చి, డ్యూటీలు వేసే కంట్రోలర్ ముందల నిలబడి, "సార్, నన్ను మా బాబాయ్ బండి మీద వెయ్యండి" అన్నది. ఆ బాబాయిని నేనే.

మా రూటు సికింద్రాబాద్ స్టేషన్ నుంచి తిరుమలగిరి, లాల్‌బజార్ మీదికెల్లి యాప్రాల్. కంటోన్మెంట్ రోడ్లు గనుక సగం దూరం చెట్ల నీడల పోతది బండి. స్టేషన్ల రైలు దిగినోళ్లు, ఆస్పత్రులకు పోయేటోళ్లు, కాలేజీ పిల్లలు, సెలవు మీద పోయొచ్చే జవాన్లు, అపార్ట్‌మెంట్లల్ల పనికి పోయే ఆడోళ్లు, అందరూ మా బండే.

ఆ పిల్ల గొంతు పెద్దది. "లోపలికి జరగండమ్మా, లోపల పులి ఏం లేదు" అని ఆమె అరిస్తే ఎంత కిక్కిరిసిన బండైనా ఒక్క నవ్వు నవ్వి జరిగేది. ముసలోళ్లు ఎక్కితే వాళ్లు కూర్చునే దాక "రైట్" చెప్పేది కాదు. నేను గేరు వేసుకొని ఎదురుచూసేటోన్ని. ఎనుక కార్లోళ్లు హారన్ కొడ్తుంటే ఆమె ఫుట్‌బోర్డు మీదికెల్లి వంగి, "ఆగన్నా, మీ అమ్మ ఎక్కినా ఆపుతా" అనేది. దినాం ఎక్కేటోళ్లకు ఆమె చెల్లె, అక్క, బిడ్డ. ఒకామె కొత్తావకాయ తెచ్చి ఇచ్చేది. ఇంకొకామె తన కోడలి మీద ఫిర్యాదులన్నీ ఈమెకే చెప్పుకునేది. నేను ఎంతోమంది కండక్టర్లతోని చేసిన. ఆమెతోని చేసిన మొదటి రెండేండ్లు బండి నడిపినట్టు కాదు, ఇల్లు నడిపినట్టుండె.

ఆమె భర్తను నేను మొదట్ల మెచ్చుకున్నోన్నే.

ఆయన ఏసీలు, ఫ్రిజ్జులు బాగుచేసేటోడు. మౌలాలిల చిన్న షాపు. వాళ్ల అమ్మానాన్నలు గూడ కోస్తా నుంచి వచ్చినోళ్లే. మనిషి సన్నగ, శుభ్రంగ, ఎప్పుడూ ఇస్త్రీ చొక్కా. చర్చిల పాటలు పాడేటోడట, గొంతు మెత్తగ ఉండేది. "అండీ" లేకుండ ఒక్క మాట రాదు. మధ్యాహ్నం మా బండి స్టేషన్ల ఆగే టైముకు మోటర్‌సైకిల్ మీద అన్నం డబ్బా తెచ్చేటోడు. మూత తీసి, చెంచా తుడిచి చేతికిచ్చి, ఆమె తినే దాక పక్కన నిలబడేటోడు. మా ఆడ కండక్టర్లు ఆయనను చూపించి ఇంటికాడ మొగుళ్లను తిట్టుకునేటోళ్లు. నేను గూడ మా ఇంట్ల చెప్పిన. "ఎంత ప్రేమనో సూడు" అన్న.

రాను రాను నాకు ఒకటి అర్థమైంది. ఆయన డబ్బా పట్టుకొని నేరుగ మా బండి దగ్గరికి రాడు. అవతల జ్యూస్ బండి చాటుకు నిలబడి, ఆమె ఎవరితోని మాట్లాడుతున్నదో చూసి, వాళ్లు పోయినంక వస్తడు. అన్నం తినుకుంట ఆమె ఏదన్న చెప్పి నవ్వితే, "ఇది ఎవరన్నారు?" అని అడుగుతడు. ఒక్కసారి కాదు, ప్రతిసారి.

తర్వాత ఫోన్లు షురూ అయినయి. ఆడోళ్లకు టికెట్ పైసలు లేని ప్రయాణం వచ్చినంక బండ్లల్ల కాలు పెట్ట సందు లేకుంట ఉండేది. అంత మందిల ఆమె మిషన్ల టికెట్లు కొడ్తుంటే కోటు జేబుల ఫోను మోగుతనే ఉండేది. ఎత్తకపోతే మళ్ల మోగుతది. ఎత్తితే భుజానికి, చెవికి నడుమ ఇరికించుకొని, "టికెట్లు కొడుతున్నానండీ... ఆ, లాల్‌బజార్ దాటింది... మగ గొంతా? బస్సులో మగాళ్లుండరా..." అనేది. ఒకసారి ఫోన్‌ను ఇంజిన్ దగ్గర పెట్టింది. "ఏందమ్మా?" అంటే, "బండి చప్పుడు వినిపించమన్నారు బాబాయ్" అన్నది. నవ్వుకుంటనే అన్నది. అప్పటికింక నవ్వు వచ్చేది ఆమెకు.

ఒకరోజు ఆయన మా బండి ఎక్కిండు.

డబ్బా లేదు చేతిల. ఎనుక డోరు నుంచి ఎక్కి, ఆఖరు సీటు మూలకు పోయి కూర్చున్నడు. ఆమె టికెట్లు కొట్టుకుంట కొట్టుకుంట ఎనుకకు పోయి ఆయనను చూసి ఆగిపోయింది. ఆ దినం జనం పల్చగ ఉండె, నాకు అన్నీ వినిపించినయి.

"ఏంటండీ, షాపు?"

"యాప్రాల్ ఒకటివ్వండి" అన్నడాయన, నోటు చాపి.

"నేనడిగింది..."

"టికెట్ ఇవ్వరా? ప్యాసింజర్నండీ నేను."

ఆమె టికెట్ కొట్టి ఇచ్చింది. చిల్లర ఇచ్చింది. ఆయన చిల్లర జేబుల వేసుకొని కిటికీ దిక్కు తిరగలేదు, ఆమె దిక్కే తిరిగి కూర్చున్నడు. యాప్రాల్ పోయినం, అక్కడ దిగలే. మళ్ల టికెట్ తీసుకున్నడు. సికింద్రాబాద్ వచ్చినం, దిగలే. షిఫ్ట్ అయిపోయే దాక మాతోని తిరిగిండు. మర్నాడు గూడ వచ్చిండు, ఆ పైన దినాం రాబట్టిండు.

నేను ఆయనను చివరి స్టాపుల పక్కకు పిలిచిన. ఇద్దరం వేపచెట్టు కింద నిలబడ్డం. "బాబూ, నీకేమన్న తక్లీఫ్ ఉంటే చెప్పు. పిల్లను నా కండ్ల ముందు పెరిగిన పిల్ల లెక్క చూసుకుంటున్న" అన్న.

ఆయన నా చెయ్యి పట్టుకున్నడు. కండ్లల్ల నీళ్లున్నయి. "మీరు తండ్రి లాంటివారండీ. నాకు మీ మీద అనుమానం లేదు. ఒక్క సాయం చెయ్యండి. ఆమె ఎవరితో ఎక్కువసేపు మాట్లాడుతుందో, ఎవరు రోజూ ఒకే చోట నిలబడతారో, మీరు అద్దంలో చూస్తుంటారు కదా, సాయంత్రం నాకు ఒక్క ఫోన్ కొట్టండి చాలు. అప్పుడు నేను షాపుకి వెళ్లిపోతాను. ప్రశాంతంగా పని చేసుకుంటాను."

అడిగిన తీరు చూస్తే ఎంత చిన్న సాయమో అనిపిస్తది. ఇంట్ల దొంగలు పడకుంట చూడమన్నట్టు అడిగిండు.

"అది నాతోని కాదు బాబూ" అన్న. "నేను రోడ్డు చూసుకోవాలె."

ఆయన చెయ్యి వదిలిండు. "అలాగేనండీ" అన్నడు. అంతే. ఆ క్షణం నుంచి ఆయన అనుమానించే మందిల నేను గూడ చేరిన. నేను ఎందుకు చెప్పనన్న? చెప్పడానికి ఏదో ఉన్నది గనుక. ఆయన లెక్క అట్ల నడుస్తది. ఇన్ని దినాలు బండిల కూర్చున్నా ఆయనకు దొరికిందేమీ లేదు. దొరకకపోవడమే ఆయనకు పెద్ద రుజువు. దాచిపెడుతున్నరు గనుకనే దొరుకుత లేదు.

నాలుగు దినాలకు, బండి దిగుకుంట నా కిటికీ దగ్గరికొచ్చి మెల్లగ అడిగిండు. "బాబాయ్ గారూ, అద్దంలో అన్నిసార్లు ఎవర్ని చూస్తారండీ?"

బస్సు డ్రైవర్ అద్దం చూస్తడు. దిగేటోళ్లు దిగిన్రా, ఎవరి కొంగన్న డోర్ల ఇరికిందా, ఫుట్‌బోర్డు మీద ఎవరు యాలాడుతున్నరు అని చూస్తడు. చూడకుంటే మనుషులు చస్తరు. నేను అదే చెప్పిన. కాని ఆ మాట విన్నంక, అద్దం దిక్కు కండ్లు పోయినప్పుడల్ల అది యాదికొచ్చేది. ముప్పయ్యేండ్లు చేసిన పని, నాకే కొత్తగ, దొంగతనం లెక్క అనిపించేది.

అక్కడితోని ఆగలే. మా ఇల్లు యాప్రాల్‌లనే. ఒకరోజు నేను డ్యూటీల ఉండంగ ఆయన మా ఇంటికి పోయిండు. మా ఇంటామె కుర్చీ వేసింది, నీళ్లిచ్చింది. ఆయన చెప్పులు బయట విడిచి, బుద్ధిగ కూర్చొని, "పిన్ని గారూ, మన ఇద్దరి సంసారాలూ కాపాడుకోవాలండీ" అని మొదలుపెట్టిండట.

ఆ రాత్రి మా ఇంటామె ఎప్పటి లెక్కనే అన్నం పెట్టింది. మర్నాడు పొద్దున అడిగింది. "ఆ పిల్లకు నువ్వు రోజు చాయ్ తాపిస్తవట?"

"తాపిస్త."

"నాకెందుకు చెప్పలె?"

"చాయ్ తాపిన ముచ్చట ఎవడన్న ఇంట్ల చెప్తడా?"

మేం పెండ్లయిన కాన్నుంచి ఒకరినొకరం అట్ల అడిగింది లేదు. ఆమె నా దిక్కు చూసింది. నేను ఆమె దిక్కు చూసిన. తర్వాత, "ఆదివారం చర్చి అయినంక ఆ పిల్లను, పాపను అన్నానికి రమ్మను" అన్నది.

వచ్చిన్రు. భర్తకు చుట్టాలింటికి అని చెప్పి వచ్చిందో, నిజమే చెప్పి వచ్చిందో అడగలేదు. మా ఇంటామె కోడికూర వండింది. ఇద్దరూ కలిసి గిన్నెలు కడిగిన్రు. వాళ్లు పోయినంక మా ఇంటామె చేతులు తుడుచుకుంట అన్నది. "ఆ పిల్ల కండ్ల కింద చూసినవా? నిద్ర పోతలేదు. నేను ఒకసారి అడిగిన, నువ్వు చెప్పినవ్, నేను నమ్మిన, అయిపోయింది. ఆ పిలగాడు అడుగుతనే ఉంటడు. ఎన్ని చెప్పినా ఆయనకు అయిపోదు."

అయినా మళ్ల ఎన్నడన్న ఇంట్ల ఆ పిల్ల ప్రస్తావన తేవాల్సొస్తే నేను ఒకసారి గొంతు సవరించుకునేటోన్ని. తప్పు చెయ్యనోన్ని గూడ తప్పు చేసినోని లెక్క నడిపిస్తది ఈ రోగం.

ఆ పిల్ల మారుకుంట వచ్చింది. మొదలు గాజులు పోయినయి, చప్పుడైతే మనుషులు చూస్తరని ఆయన అన్నడట. తర్వాత పూలు. తర్వాత మొఖానికి మాస్కు వచ్చింది. కరోనా పోయి శానా దినాలైంది, అందరూ తీసేసిన్రు, ఈమె కట్టుకున్నది. పులి జోకు బంద్. మగోళ్ల దిక్కు చూడకుంట చెయ్యి చాపి పైసలు తీసుకునేది. "ఎక్కడికి?" అని గూడ అడగకుంట ఎదురుచూసేది. ఆవకాయ తెచ్చే ఆమెతోని గూడ ముచ్చట బంద్, ఎందుకంటే ఆమెకు పెండ్లి కాని తమ్ముడున్నడట. ప్యాసింజర్లు డిపోకు ఫోన్లు చేసిన్రు, ఫలానా బండి కండక్టర్ పొగరుగ ఉన్నదని. నాకు నవ్వాల్నో ఏడవాల్నో తెలియలే.

డిపోల మనోళ్ల సంగతి చెప్పాలె. మొదట్ల అందరికీ ఆయన తమాషా. "ఇయ్యాల మన సీబీఐ ఎక్కిండా?" అని నన్ను అడిగేటోళ్లు. నేను గూడ నవ్విన. తర్వాత తమాషా వాసన మారింది. ఒకడు, నాతోని ఇరవయ్యేండ్లు పనిచేసినోడు, చాయ్ కప్పు మీద ఊదుకుంట అన్నడు. "ఊకెనే గంతగనం తిరుగుతడా? ఏదో ఒకటి ఉంటది తియ్యి." ఆ మాటకు పక్కనోళ్లు తల ఊపిన్రు. నేను లేచి వచ్చేసిన. పోట్లాడితే అదొక రుజువు, ఊకుంటే అదొక రుజువు. ఆ పిల్ల మాత్రం ఆ చాయ్ బండి దగ్గరికి రావడమే మానేసింది.

మేనేజర్ సారు మమ్మల్ని ఇద్దరినీ పిలిచిండు. ఆయన చెడ్డోడు కాదు. భర్త ఆయన దగ్గరికి గూడ పోయి, చేతులు కట్టుకొని నిలబడి, భార్యను మగ డ్రైవర్ల బండ్ల మీద వెయ్యొద్దని అడిగిండట. "మా దగ్గర ఆడ డ్రైవర్లు లేరు కదమ్మా, నేనేం చెయ్యాలె?" అని సారు ఆ పిల్లనే అడిగిండు. అడిగినోడు ఒకడు, జవాబు చెప్పాల్సినామె ఇంకొకామె. ఆ పిల్ల నేల చూసుకుంట, "నేను డ్యూటీ బాగానే చేస్తున్నా సార్" అన్నది. బయటికొచ్చినంక నేను అన్న, "అమ్మా, బండి మార్చుకో. నా గురించి గూడ అంటున్నడు. నీకు పరేషాన్ తగ్గుతదేమో."

"తగ్గదు బాబాయ్" అన్నది. "ఇంకో డ్రైవర్ పేరు నేర్చుకుంటారు, అంతే."

ఇంట్ల ఏం జరుగుతున్నదో ఎన్నడూ చెప్పకపోయేది. ఒక్కసారి మాత్రం, బండి యాప్రాల్‌ల ఖాళీగ ఉన్నప్పుడు, మెట్టు మీద కూర్చొని, నన్ను కాదు రోడ్డును చూసుకుంట చెప్పింది. "రాత్రి మంచం మీద కూర్చోబెట్టి ఆ రోజు టికెట్లన్నీ అడుగుతారు బాబాయ్. ఎవరు ఎక్కారు, ఏం రంగు చొక్కా. గుర్తులేదంటే దాస్తున్నా అంటారు. గుర్తుందంటే అంత గుర్తెలా ఉందంటారు. తర్వాత ఏడుస్తారు. నా కాళ్లు పట్టుకుంటారు. నువ్వు లేకపోతే చచ్చిపోతానంటారు. పాప తలగడ కింద తల పెట్టుకుని పడుకుంటుంది."

బండి తీసే టైమైంది, పోయి నా సీట్ల కూర్చున్న.

ఇంక ఆ దినం సంగతి.

వానాకాలం, పొద్దుటి ట్రిప్పు. బండి నిండ జనం. ఆయన ఆఖరు సీటు మీద ఉన్నడు. మా బండిల రోజూ ఒక జవాను వచ్చేటోడు, కంటోన్మెంట్ ఆస్పత్రిల పని. మన భాష రాదు, హిందీల రెండు మాటలు మాట్లాడుతడు, టికెట్ తీసుకొని ఫోన్ల పాటలు వినుకుంట నిలబడుతడు. తిరుమలగిరి దాటినంక ఒక ఆటో పక్క గల్లీల నుంచి చూడకుంట నా ముందలికి వచ్చింది. గట్టిగ బ్రేక్ కొట్టిన. బండి మొత్తం ముందుకు ఊగింది. మిషన్ పట్టుకొని నడుమ నిలబడ్డ ఆ పిల్ల చెయ్యి రాడ్ మీదికెల్లి జారింది. పక్కనున్న జవాను మోచెయ్యి పట్టి ఆపిండు. ఆపకపోతే ఇంజిన్ డబ్బా మీద తల పగిలేది. పట్టిండు, నిలబెట్టిండు, చెయ్యి తీసేసిండు. అంతే జరిగింది. నేను అద్దంల చూసిన.

ఎనుక నుంచి ఆయన మనుషులను తోసుకుంట వచ్చిండు. జవాను కాలర్ పట్టిండు. ఆ మెత్తని గొంతు అప్పుడు లేదు, ఏం అరుస్తున్నడో ఆయనకే తెలుస్తలేదు. జవాను తలుచుకుంటే ఒక్క చేత్తోని పడేసేటోడు. కాని ఏమీ అర్థం కాక, "క్యా హువా భాయ్, క్యా హువా" అనుకుంట ఆయన మణికట్టు పట్టుకొని నిలబడ్డడు. ఆ పిల్ల నడుమకు పోయింది. "వదలండి. పడిపోతుంటే పట్టుకున్నారు, వదలండి" అన్నది.

ఆయన జవానును వదిలి ఆమెను కొట్టిండు. బండి నిండ ఉన్న జనం ముందల, చెంప మీద. మిషన్ కింద పడ్డది.

బండి పక్కకు ఆపిన. ఇంజిన్ బంద్ చేస్తే వాన చప్పుడు ఒక్కటే ఉన్నది. ముందు సీట్లల్ల ఆడోళ్లు లేచిన్రు. ఆవకాయ తెచ్చే ఆమె చెప్పు తీసింది. నేను సీటు దిగి పోయేలోపల ఆ పిల్ల వంగి మిషన్ ఎత్తుకున్నది. కొంగుతోని తుడిచి, అది పనిచేస్తున్నదో లేదో నొక్కి చూసుకున్నది. తర్వాత మాస్కు తీసేసింది. చెంప మీద వేళ్లు తేలినయి.

"బాబాయ్, బండిని పోలీస్ స్టేషన్‌కి తిప్పండి" అన్నది. చానా దినాల తర్వాత ఆ పెద్ద గొంతు విన్న. "దిగాలనుకునేవాళ్లు దిగి ఎనక బండి ఎక్కండమ్మా. సాక్ష్యం చెప్పేవాళ్లు ఉండండి."

సగం మంది ఉన్నరు. జవాను గూడ ఉన్నడు.

స్టేషన్ల ఒక హెడ్ కానిస్టేబుల్, ఆడమనిషి, మమ్మల్ని కూర్చోబెట్టింది. "డ్యూటీల ఉన్న కండక్టర్‌ను కొట్టిన్రా? ఎవరతను? తాగిండా?"

ఆ పిల్ల ఏం చెప్తదో అని నేను చూస్తున్న. ప్యాసింజర్ అంటే డ్యూటీల ఉన్న మనిషిని కొట్టిన కేసు, భర్త అంటే ఇంటి గొడవ. అక్కడున్న అందరికీ ఆ సంగతి తెలుసు.

"తాగలేదు మేడం. నా భర్త" అన్నది.

కానిస్టేబులమ్మ పెన్ను కింద పెట్టింది. ఆయన అప్పటికి మళ్ల మెత్తబడ్డడు. బల్ల మీద తల పెట్టి ఏడుస్తున్నడు. "ప్రాణంగా చూసుకుంటానండీ. అడగండి, మధ్యాహ్నం అన్నం నేనే తీసుకెళ్తాను. ఎవరు తీసుకెళ్తారండీ అలా? నాకు ఆమె తప్ప ఎవరూ లేరండీ."

అన్నీ నిజాలే. ఒక్క అబద్ధం లేదు అందుల.

"కేసు రాయమంటవా తల్లీ?" అని అడిగింది కానిస్టేబులమ్మ. "నువ్వు రాయమంటే రాస్త. ఎవరో చెప్పిన్రని ఎనుకకు పోకు."

ఆ పిల్ల రాయమన్నది. కాని గంట కాకముందే మౌలాలి నుంచి తల్లి వచ్చింది, చర్చి పెద్దలిద్దరు వచ్చిన్రు, భర్త అన్న వచ్చిండు. అందరూ మంచోళ్లే. ఎవరూ గట్టిగ మాట్లాడలే. పాప తండ్రి జైలుకు పోతే బడిల ఏమనుకుంటరని ఒకరు, ప్రార్థన చేద్దామని ఒకరు. తల్లి బిడ్డ చెంప ముట్టి చూసి, "మీ నాన్న ఉంటే" అని అక్కడే ఆపేసింది. సాయంత్రానికి రాజీ అయింది. ఆమె బండి దిగి పాసుల కౌంటర్ల కూర్చోవాలె. ఆయన షాపు తెరుచుకోవాలె. అనుమానపు మాట ఎత్తొద్దు.

షాపు అప్పటికి మూత పడ్డట్టే. మా బండిల తిరుగుడుతోని పిలిచినోళ్ల ఇండ్లకు పోక, జనం వేరే మెకానిక్‌లను చూసుకున్నరు. ఆయన తెరిచిండు. రెండు వారాలు కూర్చున్నడేమో. తర్వాత పాసుల కౌంటర్ ఎదురుంగ బెంచీ మీద కనిపించబట్టిండు.

నేను ఒకరోజు ఆ కౌంటర్ దగ్గరికి పోయిన. అద్దం ఎనుక ఆ పిల్ల తల వంచుకొని ఫోటోలు అంటిస్తున్నది. కాలేజీ పిల్లలు వరుసల ఉన్నరు. ఎదురు బెంచీ మీద ఆయన. నన్ను చూసి లేచి నమస్కారం పెట్టిండు. ఆమె తల ఎత్తలే.

"ఎట్లున్నవమ్మా?"

"బస్సులో అయితే గాలన్నా వచ్చేది బాబాయ్" అన్నది.

ఆ ఏడు చలికాలం ఆమె పాపను తీసుకొని తల్లి దగ్గరికి పోయింది. ఈసారి ఎవరు వచ్చి ప్రార్థన చేద్దామన్నా తలుపు దగ్గరనే, "చెయ్యండి, ఇక్కడే చేద్దాం. ఇంటికి మాత్రం రాను" అన్నదట. విడాకుల కేసు ఇంక నడుస్తనే ఉన్నది. మేనేజర్ సారును అడిగి మళ్ల బండెక్కింది, వేరే రూటు మీద. నేను రిటైరైనంక ఒకసారి మౌలాలి కమాన్ దగ్గర ఆమె బండి ఎక్కిన. జుట్టు ముందల తెల్లబడ్డది. మాస్కు లేదు. నా చేతిల పైసలు తీసుకోకపోతే నేనే బలవంతంగ టికెట్ తీసుకున్న. పెద్ద గొంతు ఉన్నది గాని, మగోళ్ల దగ్గర చెయ్యి చాపినప్పుడు ఇప్పటికీ మొఖం పక్కకు తిప్పుతది. పాప గురించి అడిగిన. "బాగా చదువుతుంది బాబాయ్. కానీ నేను పది నిమిషాలు లేటైతే ఫోన్ చేస్తుంది. ఎక్కడున్నావ్, పక్కన ఎవరున్నారు అని." ఆ మాట చెప్పి ఆమె ముందుకు పోయింది, దిగే స్టాపు వచ్చింది జనానికి.

మొన్న ఎండాకాలం సికింద్రాబాద్ స్టేషన్ ముందర ఇరానీ హోటల్ల ఆయన కనబడ్డడు. నేను గుర్తుపట్టలే, ఆయనే లేచి వచ్చిండు. ఇస్త్రీ లేదు, గడ్డం. ఎవరిదో షాపుల కూలికి ఏసీలు బాగుచేస్తున్నడట. చాయ్ చెప్పిండు. నాకు కూర్చోబుద్ధి కాలే, లేవబుద్ధి గూడ కాలే.

"అన్నీ నేనే పాడుచేసుకున్నానండీ" అన్నడు. "ఆమె తప్పు ఇంత కూడా లేదు. ఆ మిలిటరీ అబ్బాయి దగ్గరికి వెళ్లి క్షమాపణ అడిగాను, తెలుసాండీ? బదిలీ అయిపోయాడట, ఇంకో అబ్బాయికి చెప్పి వచ్చాను. మీ దగ్గరికి రావడానికి ముఖం చెల్లలేదు. పిన్ని గారిని కూడా క్షమించమని చెప్పండి. పాపను నెలకొకసారి చూడనిస్తున్నారు. నన్ను చూస్తే గోడకు ఆనుకుని నిలబడుతుంది."

ఆ మెత్తని గొంతుతోని ఆయన చెప్తుంటే నా గుండె కరిగింది. నిజంగనే కరిగింది. ఇంత మంచి పనోడు, ఇంత శుభ్రమైన మనిషి, ఎవరూ ఏం చెయ్యకుంటనే తన సంసారాన్ని తన చేతులతోని పీకి పారేసుకున్నడు. నేను ఆయన భుజం మీద చెయ్యి వేసిన. "దేవుడున్నడు బాబూ. పాప పెద్దయితే అర్థం చేసుకుంటది. నువ్వు గిట్లనే నిదానంగ ఉండు" అన్న.

తల ఊపిండు. కండ్లు తుడుచుకున్నడు. చాయ్ ఆఖరు గుక్క తాగి, గ్లాసు బల్ల మీద పెట్టి, దాన్ని కాసేపు తిప్పుకుంట కూర్చున్నడు.

"బాబాయ్ గారూ" అన్నడు.

"చెప్పు."

"ఇప్పుడు ఆమె బండికి డ్రైవర్ ఎవరండీ? వయసెంతుంటుందండీ?"

నేను లేచి, బయటికొచ్చి, వచ్చిన బండి ఎక్కిన. అది ఎక్కడికి పోతదో గూడ చూడలే.